నవల పక్కన ఇంకో పుస్తకం

మా ఇంట్లో పుస్తకాల బీరువా ఒకటే. పై రెండు అరలూ నావి, కింది రెండూ మా ఆయనవి. నావన్నీ నవలలు, కథల సంపుటాలు. ఆయనవి చరిత్ర, ఆత్మకథలు, ఆర్థికం, కొంచెం సైన్సు. పెళ్లయి పదిహేడేళ్లయింది, ఇన్నేళ్లలో ఆయన పై అర మీద, నేను కింది అర మీద చెయ్యి వేసిన సందర్భాలు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. "జరగని విషయం కూర్చుని చదవడం ఎందుకు" అని ఆయన, "జరిగిందంతా పేపర్లో వస్తూనే ఉంది కదండీ, మళ్లీ పుస్తకం ఎందుకు" అని నేను. ఇద్దరం ఆ మాటల్ని గట్టిగానే నమ్మాం. పోయిన ఏడాది ఆ అరలు కలిసిపోయాయి. అవి ఎలా కలిశాయో, దాంతో నేను పుస్తకాలు ఎంచుకునే తీరు ఎలా మారిందో రాద్దామని చాలా రోజుల నుంచి అనుకుంటున్నాను. ఈ సంక్రాంతి సెలవులకు ముందు కాస్త తీరిక దొరికింది.

మొదలు అంటే అంతకు ముందు డిసెంబరులో జరిగిన హైదరాబాద్ బుక్ ఫెయిరే. ఎన్టీఆర్ స్టేడియంలో ఏటా పెట్టేదే. ఆ సంవత్సరం నేను 14 పుస్తకాలు కొన్నాను. సంచి బరువుకి వేళ్లు ఎర్రగా వాచిపోయాయి, అయినా ఎంతో సంతోషంగా ఇంటికొచ్చాను. ఫిబ్రవరిలో ఒక ఆదివారం బీరువా దుమ్ము దులుపుతూ చూస్తే, వాటిలో మూడే చదివాను. రెండు సగంలో ఆగిపోయి ఉన్నాయి, బస్ టికెట్టు గుర్తుగా పెట్టి. మిగతా తొమ్మిదీ తెరవనే లేదు. చాలా బాధేసింది. డబ్బు గురించి కాదు, ఒకప్పుడు రాత్రి రెండింటిదాకా చదివిన మనిషిని, ఇదేంటి ఇలా అయిపోయాను అని.

అప్పుడు ఆ 14 పుస్తకాలనూ నేల మీద పరిచి, ఒక్కోదాన్నీ ఎందుకు కొన్నానో గుర్తు చేసుకున్నాను. ఒకటి ఎవరో బాగుందన్నారని. ఇంకోటి అట్ట బాగుందని. నాలుగైదు "మళ్లీ దొరకదేమో" అన్న భయంతో. ఈ భయం తెలుగు పాఠకులందరికీ ఉంటుంది, దానికి కారణమూ ఉంది. లోపలి పేజీలో "ప్రతులు: 500" అనో "ప్రతులు: 1000" అనో వేసి ఉంటుంది, అవి అయిపోతే మళ్లీ ముద్రణ ఎప్పుడో ఎవరికీ తెలియదు. మిగిలినవి అవార్డు వచ్చిందని కొన్నవి. మొత్తం మీద నేను ఏదో తెలుసుకోవాలని, నా లోపలి నుంచి ఒక అవసరం పుట్టి కొన్న పుస్తకం ఒక్కటీ లేదు. చదివేసిన ఆ మూడూ కూడా సన్నగా ఉన్నాయి కాబట్టి అయిపోయాయి, అంతే.

నాకు నిజంగా ఏం తెలుసుకోవాలని ఉంది అని అడుక్కుంటే, వెంటనే వచ్చిన జవాబు నన్నే ఆశ్చర్యపరిచింది. మా నాయనమ్మ.

మాది సూర్యాపేట దగ్గర ఊరు. నాయనమ్మ 2011లో పోయింది, అప్పటికి ఎనభైకి దగ్గర్లో ఉంది. చిన్నప్పుడు సెలవులకి వెళ్తే మంచం పట్టె మీద కూర్చుని చాలా కబుర్లు చెప్పేది. పంటల గురించి, చుట్టాల గురించి గట్టిగా, ఊరంతా వినపడేలా చెప్పే మనిషి, ఒక్క విషయం దగ్గర మాత్రం గొంతు తగ్గించేది. "గడీ ముంగట నుంచి చెప్పులేసుకొని పోనిచ్చెటోళ్లు కాదు బిడ్డా. చేతుల పట్టుకొని పోయేటోళ్లం." అంతే, ఇంకేమీ చెప్పేది కాదు. ఆ గడీలో, అంటే ఊరి దొర కోటలాంటి ఇంట్లో, అప్పటికి ఎవరూ లేరు, గోడలు కూలి తుమ్మచెట్లు మొలిచాయి, అయినా గొంతు తగ్గేది. ఆ గొంతు ఎందుకు తగ్గిందని నేను ఒక్కసారి కూడా అడగలేదు. పదహారేళ్ల పిల్లకి అది అడగాల్సిన విషయం అనిపించలేదు, తర్వాత అడగడానికి ఆమె లేదు.

కాబట్టి ఆ ఏడాది కొత్త పుస్తకాలు ఎంచుకోవడం అక్కడి నుంచి మొదలుపెట్టాను. నాయనమ్మ గొంతు తగ్గించిన చోటి గురించి తెలుసుకోవాలి. నా అలవాటు కొద్దీ ముందు నవలే వెతికాను. దాశరథి రంగాచార్య గారి 'చిల్లర దేవుళ్ళు' పేరు చిన్నప్పటి నుంచి వింటూనే ఉన్నాను, చదవలేదు. 1948లో హైదరాబాద్ సంస్థానాన్ని భారతదేశంలో కలిపిన పోలీసు చర్యకు ముందటి తెలంగాణ పల్లె, దొర, గడీ, వెట్టి, బతుకుతెరువు వెతుక్కుంటూ ఆ ఊరికి వచ్చిన ఒక సంగీతం తెలిసిన మనిషి. మూడు రాత్రుల్లో అయిపోయింది. అందులో ఆడబాప అనే మాట నన్ను పట్టుకుంది. దొరల ఇళ్లలో పెళ్లికూతురితో పాటు అత్తారింటికి పంపే దాసీ పిల్ల. పెట్టెలు, మంచాలు, గిన్నెలు, ఒక మనిషి. ఆ మాట మా ఊళ్లో పెద్దవాళ్ల నోట విన్నాను నేను, ఎవరినో తిట్టడానికి వాడేవాళ్లు. తిట్టు అనుకున్నాను గానీ, దాని వెనక ఒక ఆడపిల్ల బతుకు ఉందని ముప్పై తొమ్మిదేళ్లు వచ్చాక నవల చెబితే తెలిసింది.

నవల అయ్యాక నిద్ర పట్టలేదు. ఇది నిజంగా ఇలాగే ఉండేదా, రచయిత కొంచెం పెంచి రాశారా, నాయనమ్మ ఎక్కడుంది ఇందులో, ఈ ప్రశ్నలతో మొదటిసారి కింది అర ముందు కూర్చున్నాను. మా ఆయన పుస్తకాల్లో, ఎప్పుడో కొన్న పాత కాపీ ఒకటి దొరికింది. 'మనకు తెలియని మన చరిత్ర'. స్త్రీశక్తి సంఘటన అనే మహిళా బృందం వాళ్లు 1986లో తెచ్చారు. 1946 నుంచి 51 దాకా సాగిన తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న ఆడవాళ్లను కలిసి, వాళ్ల మాటల్ని వాళ్లు చెప్పినట్టే రాసిన పుస్తకం. చాకలి ఐలమ్మ మాటలున్నాయి, మల్లు స్వరాజ్యం మాటలున్నాయి, పేర్లు నేను ఎప్పుడూ వినని ఎంతోమంది మాటలున్నాయి. దళంతో అడవుల్లో తిరుగుతూ పసిబిడ్డను వేరేవాళ్ల చేతిలో పెట్టేయాల్సి వచ్చిన తల్లి ఉంది. పోరాటం ఆగిపోయాక "ఇక ఇంటికెళ్లి సంసారాలు చేసుకోండి" అంటే ఏం చేయాలో తెలియక నిలబడిపోయిన వాళ్లున్నారు.

నవలలో ఆడబాప గురించి చదివినప్పుడు జాలేసింది. ఈ ఆడవాళ్ల మాటలు చదువుతుంటే ఆ జాలి నాకే తక్కువగా అనిపించింది, ఎందుకంటే వీళ్లెవరూ జాలి అడగడం లేదు, ఏం జరిగిందో చెప్తున్నారు, కొన్నిచోట్ల కోపంగా, కొన్నిచోట్ల నవ్వుతూ. కానీ ఇంకో విషయం కూడా ఒప్పుకోవాలి. నేను నేరుగా ఈ పుస్తకంతో మొదలుపెట్టి ఉంటే సగంలో ఆపేసేదాన్ని. ఊళ్ల పేర్లు, దళాల పేర్లు, ఎవరు ఎవరో తెలియక అయోమయంలో పడేదాన్ని. నవల ముందుగా నన్ను ఆ గడీ వాకిట్లో నిలబెట్టింది కాబట్టి, వీళ్లు "గడీ" అనగానే నాకు ఆ మెట్లు, ఆ అరుగు, దూరంగా చేతులు కట్టుకుని నిలబడ్డ మనుషులు కనపడ్డారు. నవల చోటు చూపించింది, ఈ పుస్తకం ఆ చోట్లో బతికిన మనుషుల్ని తెచ్చి ఎదురుగా కూర్చోబెట్టింది.

ఇదంతా ఒకరోజు రాత్రి అన్నం తింటూ మా ఆయనకి చెప్పాను. ఆయన చాలాసేపు విని, "ఆ నవల ఎక్కడుంది" అన్నారు. పదిహేడేళ్లలో మొదటిసారి. నాలుగు రాత్రుల్లో చదివేసి, ఇది రాసినాయన తన జీవితం కూడా రాసుకున్నారని చెప్పి, 'జీవనయానం' ఎక్కడి నుంచో పట్టుకొచ్చారు. అది మూడో పుస్తకం అయింది. నవల రాసిన మనిషే తన బతుకు కూడా రాసుకుని ఉంటే ఆ రెండూ పక్కపక్కన పెట్టి చదవడం ఒక గొప్ప అనుభవం, ఏది చూసి రాశారో, ఏది ఊహించారో, ఏది తన జీవితంలో వదిలేసి నవలలో మాత్రమే చెప్పగలిగారో తెలుస్తుంది. ఆ కథ అక్కడితో ఆగదు కూడా. 'చిల్లర దేవుళ్ళు' తర్వాతి కాలం 'మోదుగుపూలు'లో, ఆ తర్వాతిది 'జనపదం'లో ఉంది. వట్టికోట ఆళ్వారుస్వామి గారి 'ప్రజల మనిషి' దగ్గర మొదలుపెడితే ఇంకా బాగుంటుందని మా ఆయన అన్నారు, నేను ఇప్పుడు అక్కడికే వచ్చాను.

అప్పటి నుంచి మా ఇద్దరికీ ఒక పద్ధతి కుదిరింది. ముందు ఒక ప్రశ్న. ఇద్దరిలో ఎవరిదైనా సరే. దానికి నేను ఒక నవలో కథల పుస్తకమో వెతకాలి, ఆయన జరిగిన సంగతి చెప్పే పుస్తకం ఒకటి వెతకాలి, ఇద్దరం రెండూ చదవాలి. నెలకి ఒక జంట. ఒక్కో నెల కుదరలేదు, ఆఫీసు పని, పిల్ల పరీక్షలు. ఏడాదిలో మొత్తం ఏడు జంటలు చదివాం. అంతకు ముందు సంవత్సరం 14 కొని మూడు చదివిన దాన్ని, ఈసారి 14 పైనే చదివాను.

అన్ని జంటలూ ఒకేలా కుదరలేదు. నన్ను బాగా కదిలించిన రెండో జంట, 'మాలపల్లి', 'మా నాయన బాలయ్య'. ఉన్నవ లక్ష్మీనారాయణ గారు జైల్లో ఉండి రాసిన నవల, 1922 నాటిది, అప్పటి మద్రాసు ప్రభుత్వం దాన్ని నిషేధించింది. రామదాసు కుటుంబం కథ. పెద్ద నవల, నడక నిదానం, మధ్యమధ్య ఉపన్యాసంలా సాగే పేజీలు ఉంటాయి, ఓపిక కావాలి. కానీ రామదాసు కొడుకు సంగదాసు చావు దగ్గర నేను పుస్తకం మూసి బాల్కనీలోకి వెళ్లి నిలబడ్డాను. 'మా నాయన బాలయ్య' వై.బి.సత్యనారాయణ గారు ముందు ఇంగ్లీషులో రాశారు, తెలుగులో హైదరాబాద్ బుక్ ట్రస్ట్ వేసింది. ఒక మాదిగ కుటుంబం, మూడు నాలుగు తరాలు, ఊరు విడిచి రైల్వే పనిలోకి, అక్కడి నుంచి చదువులోకి. వాళ్ల ముత్తాత నిజాంకి చెప్పులు కుట్టి ఇస్తే మెచ్చుకుని 50 ఎకరాలు రాసిచ్చారట, ఊరి దొర ఊరుకోలేదు, చివరికి చేతిలో మిగిలింది రెండెకరాలు. ఈ ఒక్క సంగతి చదివి మా ఆయన "ఎన్ని చరిత్ర పుస్తకాలు చదివాను, భూమి ఎవరి చేతిలోంచి ఎవరి చేతిలోకి పోయిందో ఇంత సూటిగా ఎక్కడా చూడలేదు" అన్నారు.

ఈ రెండూ కలిపి చదివితే నాకు అర్థమైంది ఏమిటంటే, 'మాలపల్లి' పక్కన నిలబడి ప్రేమతో రాసిన పుస్తకం, 'బాలయ్య' అందులోనే పుట్టి పెరిగి రాసింది. ఉన్నవ వారి ప్రేమ మీద నాకు రవ్వంత అనుమానం లేదు, ఆ కాలంలో అలా రాయడానికి ఎంత గుండె కావాలో కూడా తెలుసు. కానీ ఆయన పాత్రల్లో గొప్పతనం ఎక్కువ, రోజువారీ లెక్క తక్కువ. బాలయ్య ఇంట్లో ఆ లెక్క ఉంది. జీతం ఎంత, ఎంతమంది తినాలి, రైల్వే క్వార్టర్ ఎన్ని అడుగులు, పిల్లవాడు ఎన్ని మైళ్లు నడిచి బడికెళ్లాడు. నాలాంటి నవలల మనిషికి ఆ లెక్క ఎంత అవసరమో ఇప్పుడు తెలుస్తోంది.

ఇంకో జంట నేను చాలా ఆశపడి పెట్టుకున్నది, ప్రయాణాల జంట. ఏనుగుల వీరాస్వామి 'కాశీయాత్ర చరిత్ర', పక్కన మొక్కపాటి నరసింహశాస్త్రి గారి 'బారిస్టర్ పార్వతీశం'. ఒకటి 1830 మే నెలలో చెన్నపట్నం నుంచి బయల్దేరి 15 నెలలు పైగా కాశీ వరకూ వెళ్లొచ్చిన నిజం ప్రయాణం, ఇంకోటి మొగల్తూరు నుంచి బారిస్టర్ చదువుకని పడవెక్కిన కుర్రాడి కథ. ఇక్కడ మాత్రం నవల ముందు చదవడం తప్పయింది. పార్వతీశం అంత హాయిగా, అంత వేగంగా నడిచాక, వీరాస్వామి గారి డైరీలో ఈ ఊరి నుంచి ఆ ఊరికి ఎన్ని కోసుల దూరం, అక్కడ బియ్యం దొరుకుతాయా, దారి ఇసుకా రాయా అన్న లెక్కలు చాలా పొడిగా అనిపించాయి. 20 పేజీల్లో ఆపేశాను. రెండు నెలల తర్వాత, ఏ జంటా లేకుండా, రోజూ పడుకునే ముందు నాలుగైదు పేజీల చొప్పున చదవడం మొదలుపెట్టాక కానీ ఆ పుస్తకం రుచి తెలియలేదు. బోయీలు పల్లకీ మోస్తుంటే, మనం ఇప్పుడు కారులో మూడు గంటల్లో దాటేసే దారిని రోజుల తరబడి నడుస్తూ, ప్రతి మకాంలోనూ ఏముందో రాసుకున్నారాయన. వెనకొచ్చే వాళ్లకి పనికొస్తుందని. ఒక్కో పుస్తకానికి ఒక్కో వేగం ఉంటుంది, కొన్నింటిని గబగబా చదివే వాటి పక్కన పెట్టకూడదు.

ఇక స్టాల్ దగ్గర నిలబడి ఎలా చూస్తాను అన్నది. ఇది చాలామంది అడుగుతారు కాబట్టి రాస్తున్నాను. మొన్న డిసెంబరు ఫెయిర్‌కి వెళ్లినప్పుడు ఇలాగే చేశాను. పుస్తకం తీయగానే అట్ట వెనక రాసింది చదవను. ముందుమాటలు అసలే చదవను. మన పుస్తకాలకి ముందుమాటలు ఒకటి కాదు, మూడు నాలుగు ఉంటాయి, పెద్దవాళ్లు ఆప్యాయంగా రాసినవే, కానీ అందులో కథంతా చెప్పేస్తారు. అవి ఆఖర్న చదువుతాను, అప్పుడు బాగుంటాయి. ముందు తీసేది లోపలి పేజీ. మొదటి ముద్రణ ఎప్పుడు, ఇది ఎన్నో ముద్రణ, ఎన్ని ప్రతులు. 1960ల నాటి నవల ఇప్పటికీ మళ్లీ మళ్లీ ముద్రణ అవుతోందంటే, దాన్ని బతికిస్తున్నది పాఠకులే.

తర్వాత మధ్యలో ఎక్కడో తెరిచి రెండు పేజీలు నిలబడి చదువుతాను. మొదటి పేజీ ప్రతివాళ్లూ జాగ్రత్తగా రాస్తారు. నూట నలభయ్యో పేజీలో రచయిత ఎలా ఉన్నాడో అదే అసలు సంగతి. నవలైతే సంభాషణలు చూస్తాను. కడపాయన కడపలా, శ్రీకాకుళం అమ్మ శ్రీకాకుళంలా మాట్లాడుతున్నారా, లేక అందరూ రచయితలాగే మాట్లాడుతున్నారా. వాస్తవాల పుస్తకమైతే ఒకటే చూస్తాను, ఈ సంగతి ఈయనకి ఎలా తెలిసింది? వెళ్లి చూశారా, ఎవరైనా చెప్పారా, ఏ కాగితాల్లో ఉంది? అది చెప్పకుండా అంతా తనకే తెలిసినట్టు పేజీల కొద్దీ సాగిపోయే పుస్తకం ఎంత పేరున్నదైనా తిరిగి పెట్టేస్తాను.

అనువాదాల విషయంలో నాకు చాలా కోపం ఉంది, దాచుకోను. ఈమధ్య ఇంగ్లీషు నుంచి చరిత్ర, సైన్సు, మనస్తత్వం పుస్తకాలు తెలుగులోకి చాలా వస్తున్నాయి, రావాలి కూడా. అయితే నేను కొన్న ఒక పుస్తకంలో, పేరు చెప్పను, ప్రతి వాక్యం ఇంగ్లీషులో ఎలా ఉండి ఉంటుందో తెలిసిపోతూనే ఉంది. ఒక పేరాని మూడుసార్లు చదివి, మనసులో ఇంగ్లీషులోకి మార్చుకుంటే కానీ అర్థం కాలేదు. నాకు ఆ మాత్రం ఇంగ్లీషు వచ్చు. రాని మా చిన్నమ్మలాంటి వాళ్లు ఆ పుస్తకం చదివితే, లోపం పుస్తకంలో కాక తమలో ఉందనుకుంటారు, అదే నా బాధ. బెంగాలీ రచయిత శరత్ బాబు మన తెలుగువాడే అనుకున్న తరం ఉంది మన దగ్గర, ఆయన్ని అనువదించిన చక్రపాణి గారి లాంటి వాళ్ల చలవతో. అలెక్స్ హేలీ పుస్తకాన్ని సహవాసి గారు 'ఏడు తరాలు'గా తెస్తే, ఆఫ్రికా నుంచి బానిసగా తెచ్చిన కుంటా కింటే మన ఊరి మనిషిలా మన ఇళ్లల్లోకి వచ్చేశాడు. అందుకని ఇప్పుడు అనువాదం తీస్తే ముందు అనువాదకుల పేరు ఎక్కడుందో చూస్తాను. పేరు వెయ్యని పుస్తకం కొనను. ఉంటే ఒక పేరా పెదవులు కదుపుతూ చదువుతాను. నోటికి తిరిగితే సరే.

ఇంతా చెప్పి, అన్నీ కొనాలని కూడా కాదు. ఏడు జంటల్లో సగం పైన అరువు పుస్తకాలే. చిక్కడపల్లి నగర కేంద్ర గ్రంథాలయానికి వెళ్తే, ఉద్యోగ పరీక్షలకి చదువుకునే పిల్లలతో కుర్చీలన్నీ నిండి ఉంటాయి, చెట్ల కింద కూడా కూర్చుని చదువుతుంటారు, వాళ్లని చూస్తే కడుపు తరుక్కుపోతుంది, గౌరవమూ కలుగుతుంది. కథలు, నవలలు ఉన్న బీరువాల దగ్గర మాత్రం నేనొక్కదాన్నే ఉంటాను చాలాసార్లు. అక్కడ తీసుకుని చదివి, మళ్లీ మళ్లీ తెరుస్తాను అనిపిస్తేనే కొంటాను. ఆదివారం పొద్దున ఆబిడ్స్ ఫుట్‌పాత్‌ల మీద, మూసిన షట్టర్ల ముందు పరిచే పాత పుస్తకాలు మా ఆయన వంతు. ఇంగ్లీషు వాస్తవాల పుస్తకాలు ఆయనకి అక్కడే దొరుకుతాయి. సన్నపురెడ్డి వెంకటరామిరెడ్డి గారి 'కొండపొలం', కరువులో గొర్రెల మందల్ని తోలుకుని నల్లమల ఎక్కిన కాపరుల నవల, నేను చదువుతుంటే, దానికి జంటగా జర్నలిస్టు పాలగుమ్మి సాయినాథ్ 1996లో కరువు మీద తెచ్చిన ఇంగ్లీషు పుస్తకం ఆయనకి అక్కడే దొరికింది, ఎవరో పెన్సిల్‌తో గీతలు గీసుకున్న కాపీ. ఆ గీతలు గీసినవాళ్లు ఎక్కడ ఆగారో, ఎక్కడ పక్కన "అబ్బా" అని రాశారో చూస్తూ చదవడం నాకు కొత్త పుస్తకం కంటే ఎక్కువ నచ్చింది.

సైన్సుకి జంట దొరకలేదు నాకు. నండూరి రామమోహనరావు గారి 'నరావతారం', 'విశ్వరూపం' చదివాను, మొదటిది మనిషి ఎలా మనిషి అయ్యాడో, రెండోది విశ్వం గురించి, రెండూ ఒక పెద్దాయన పక్కన కూర్చుని చెప్తున్నట్టు ఉంటాయి. వాటికి నవల వెతకడం మానేశాను. మా అమ్మాయి పదో తరగతి, ఇంగ్లీషు ఫాంటసీ నవలలు తప్ప ఏమీ ముట్టదు. బలవంతం చేయలేదు. 'విశ్వరూపం' డైనింగ్ టేబుల్ మీద వదిలేస్తే, ఒకరోజు అన్నం ముందు పెట్టుకుని చదువుతూ కనపడింది. "అమ్మా, ఇంత పెద్ద విషయం ఇంత ఈజీగా తెలుగులో ఉందని మాకెవరూ చెప్పలేదేంటి" అంది. ఆ ప్రశ్నకి నా దగ్గర జవాబు లేదు. వాళ్ల నాన్న వైపు చూశాను, ఆయనా ఏమీ అనలేదు.

వచ్చే నెలల జంటలు రాసుకుని ఫ్రిజ్ మీద అంటించాం. బండి నారాయణస్వామి గారి 'శప్తభూమి' ఉంది, పద్దెనిమిదో శతాబ్దపు రాయలసీమ నవల, 2019లో సాహిత్య అకాడమీ అవార్డు వచ్చింది. దాని పక్కన మా ఆయన మెకంజీ కైఫీయత్తులు చదువుదాం అంటున్నారు. రెండు వందల ఏళ్ల కింద కావలి సోదరుల్లాంటి తెలుగువాళ్లు ఊరూరా తిరిగి, కరణాల దగ్గర కవిలెలు, అంటే ఊరి పాత లెక్కల పుస్తకాలు చూసి, ఊరి చరిత్రలు రాయించి ఈస్టిండియా కంపెనీ అధికారి కల్నల్ మెకంజీకి ఇచ్చినవి. కడప జిల్లావి బ్రౌన్ గ్రంథాలయం వాళ్లు అచ్చు వేశారు. భాష కష్టంగా ఉంటుందేమోనని నాకు కొంచెం టెన్షన్‌గానే ఉంది, వీరాస్వామి గారి దగ్గర నేర్చుకున్నాను కాబట్టి రోజుకి నాలుగు పేజీల మీద పోనిస్తాను.

దానికంటే ముందు ఒక పని ఉంది. ఎల్లుండి పండక్కి ఊరెళ్తున్నాం. మా మేనత్త అక్కడే ఉంటుంది, నాయనమ్మ పెద్ద కూతురు, డెబ్బై ఎనిమిది దాటాయి. గడీ సంగతులు చిన్నపిల్లగా ఉన్నప్పుడు నాయనమ్మ నోటే విని ఉంటుంది. నిన్న ఫోన్ చేసి, "అత్తా, నాయనమ్మ గడీ గురించి నీకేమైనా చెప్పిందా" అని అడిగాను. కాసేపు పలకలేదు. తర్వాత "నువ్వు రా బిడ్డా, ఫోన్ల ఎట్ల చెప్పాలె" అంది, గొంతు తగ్గించి, అచ్చం నాయనమ్మలాగే. 'మనకు తెలియని మన చరిత్ర' సంచిలో పెట్టుకున్నాను. కళ్లద్దాలు ఆనడం లేదంటోంది, నేనే చదివి వినిపిస్తాను. కొత్త నోట్‌బుక్కు కూడా ఒకటి పెట్టుకున్నాను, రెండు పెన్నులు.